పొద్దున పనిలో బాస్కెట్‌బాల్ వినాలంటే ఏది మేలు: రాయగడ నుంచి నా రివ్యూ

ముందే చెప్పేస్తున్నా, ఇది ఎన్‌బీఏ (అమెరికా ప్రొఫెషనల్ బాస్కెట్‌బాల్ లీగ్) చూడటం గురించి కాదు, వినడం గురించి. మాకు ఒడిశాలోని రాయగడలో టిఫిన్ హోటలుంది. అమెరికా తూర్పు తీరంలో రాత్రి ఏడున్నరకి మొదలయ్యే మ్యాచ్ చలికాలంలో మనకి పొద్దున్న ఆరింటికి పడుతుంది. ఆ టైముకి ఇక్కడ ఇడ్లీ రెండో వాయి దిగుతూ ఉంటుంది, పేపర్ మిల్లు షిఫ్టుకి పోయేవాళ్లు పార్సిల్ కోసం నిలబడి ఉంటారు, పక్కన పెనం మీద అట్టు కాలుతూ ఉంటుంది. చేతులు ఖాళీ ఉండవు, కళ్లు ఖాళీ ఉండవు, చెవులు మాత్రమే ఖాళీ. స్కూల్లోనో కాలేజీలోనో బాస్కెట్‌బాల్ ఆడి, ఇప్పుడు షాపుల్లో, లారీల్లో, రైల్వేలో పని చేసుకుంటున్న మనవాళ్లు గుణుపురం నుంచి జయపురం దాకా, అటు పార్వతీపురంలోనూ చాలామంది ఉన్నారు. ఇయర్‌ఫోన్ చూసి వాళ్లడిగేది ఒకటే, "ఏటి వింతన్నావు, ఎందులో వింతన్నావు?" అని. వాళ్లకోసమే ఇది.

తేల్చి చెప్పమంటే: డబ్బు పెట్టగలిగితే ఎన్‌బీఏ సొంత యాప్‌లో లీగ్ పాస్ అనే సబ్‌స్క్రిప్షన్ తీసుకోండి, అదీ వీడియో కోసం కాదు, అందులో ఉండే రేడియో ఆడియో కోసం. డబ్బు వద్దనుకుంటే అమెరికా కాలేజీ బాస్కెట్‌బాల్ వైపు రండి, అక్కడ ఉచితంగా, దర్జాగా వినొచ్చు. మిగతా దారుల్లో కొన్ని మన దేశంలో పనికిరావు, కొన్ని వద్దంటే వద్దు.

లీగ్ పాస్ సంగతి కొంచెం వివరంగా చెప్పాలి, ఎందుకంటే అది కొన్నవాళ్లలో కూడా చాలామందికి ఆడియో ఉందనే తెలీదు. 30 టీములు, ఒక్కో టీముకి 82 మ్యాచులు, అంటే రెగ్యులర్ సీజన్‌లోనే 1,230 మ్యాచులు. మ్యాచ్ తెరిచాక స్ట్రీముల జాబితా ఒకటి ఉంటుంది. అందులో సొంతగడ్డ టీము టీవీ, వచ్చిన టీము టీవీ కాకుండా ఆ రెండు టీముల రేడియో ప్రసారాలు కూడా ఉంటాయి. మీరు నొక్కాల్సింది అది. ధర సీజన్‌ని బట్టి, ప్లాన్‌ని బట్టి మారుతూ ఉంటుంది కాబట్టి ఇక్కడ అంకె రాయను. కానీ సీజన్ సగం అయ్యాక తీసుకుంటే ధర తగ్గిందేమో ఒకసారి చూసుకుని కొనండి. స్కోర్లు దాచిపెట్టే సెట్టింగ్ కూడా ఈ యాప్‌లోనే ఉంది, దాన్ని ఆన్ చేసి పెట్టండి, ఎందుకో కింద చెప్తాను.

టీవీ వీడియో పెట్టుకుని స్క్రీన్ చూడకుండా వింటే సరిపోదా అని మా తమ్ముడు అడిగాడు. సరిపోదు. టీవీ కామెంటేటర్‌కి బొమ్మ సాయం ఉంది, అందుకని బంతి ఎక్కడుందో చెప్పడు, పాత మ్యాచ్ కబుర్లు చెప్తాడు, లేదా ఊరుకుంటాడు. రేడియో మనిషికి ఆ వెసులుబాటు లేదు. ఆయన నోరు మూస్తే వినేవాడికి కోర్టే లేదు. అందుకే క్వార్టర్ మొదట్లోనే చెప్పేస్తారు, మన టీము మీ రేడియోలో ఎడమ నుంచి కుడికి ఆడుతోంది అని. అంతే, కోర్టు మన తలలో పరుచుకుంటుంది. అక్కణ్ణుంచి బంతి కుడి మూలలో ఉందా, ఫ్రీ త్రో గీత దగ్గర ఉందా, షాట్ క్లాక్‌లో (షాట్ కొట్టడానికి ఇచ్చే గడువులో) ఏడు సెకన్లున్నాయా నాలుగా, ఎవరు స్క్రీన్ పెట్టారు, అంటే డిఫెండర్‌కి అడ్డంగా నిలబడ్డారు, ఎవరు దాన్ని దాటుకుని వచ్చారు, ఇదంతా వాక్యం పూర్తి చేసే తీరిక కూడా లేకుండా వస్తూనే ఉంటుంది. 24 సెకన్ల షాట్ క్లాక్ ఆట కదా, గొంతు ఆ లెక్కకి తగ్గట్టే పైకి లేస్తుంది. షాట్ వదిలాక ఒక్క క్షణం ఆయన ఆగుతాడు చూడండి, ఆ క్షణంలో రింగు దగ్గర పెట్టిన మైకులోంచి చప్పుడు వస్తుంది. ఇనుముకి తగిలిన శబ్దం వేరు, నెట్‌లోంచి జారిన శబ్దం వేరు. కొన్నాళ్లు వింటే పడిందో లేదో ఆయన చెప్పకముందే మనకి తెలిసిపోతుంది. చెక్కనేల మీద బూట్లు కీచుమనడం, బెంచి మీద నుంచి కోచ్ అరుపు, బజర్, అన్నీ వినపడతాయి. చట్నీ గిన్నె చేతిలో ఉండగా ఇదంతా అందుతుంటే ఇంకేం కావాలి చెప్పండి.

కామెంటేటర్లలోనూ తేడాలున్నాయి, ఎవరిని పట్టుకుంటామో దాన్ని బట్టే మన అనుభవం. లేకర్స్ రేడియోలో జాన్ ఐర్లండ్, మైకల్ థాంప్సన్ జంట ఉంటుంది. ఈ థాంప్సన్ 1978 డ్రాఫ్ట్‌లో, అంటే టీములు కొత్త ఆటగాళ్లని ఎంచుకునే కార్యక్రమంలో, మొదటి ఎంపిక, లేకర్స్‌తో 1987లో, 1988లో ఛాంపియన్, మన కుర్రాళ్లకి అర్థమయ్యేలా చెప్పాలంటే ఈ తరం ఎన్‌బీఏ స్టార్ క్లే థాంప్సన్ తండ్రి. ఆడినవాడు పక్కన కూర్చుంటే రీబౌండ్ (షాట్ తప్పి తిరిగొచ్చిన బంతి) ఎందుకు పోయిందో రెండు ముక్కల్లో తేలిపోతుంది. సెల్టిక్స్‌కి షాన్ గ్రాండీతో పాటు సెడ్రిక్ మాక్స్‌వెల్, 1981 ఫైనల్స్‌లో మోస్ట్ వాల్యుయబుల్ ప్లేయర్ ఆయనే. వారియర్స్‌కి టిమ్ రోయ్, పేసర్స్‌కి 1988లో మొదలుపెట్టి దశాబ్దాలు మాట్లాడిన మార్క్ బోయల్. నాకైతే బోయల్ మాట బాగా పడుతుంది, స్పష్టంగా, అనవసరమైన కేకలు లేకుండా, స్కోరు మళ్లీ మళ్లీ చెప్తూ. కొత్తగా మొదలుపెట్టేవాళ్లు అలాంటి గొంతుతో మొదలుపెట్టండి. ఇంకో మాట, వీళ్లందరూ సొంత టీము మనుషులు. రిఫరీ విజిల్ వాళ్ల టీముకి వ్యతిరేకంగా పడితే గొంతులో బాధ తెలుస్తుంది. అది లోపమని కొందరంటారు. నాకు అదే రుచి. న్యాయంగా వినాలనిపిస్తే రెండో సగంలో అవతలి టీము రేడియోకి మారండి, అదే ఆట ఇంకోలా వినపడుతుంది.

బాస్కెట్‌బాల్‌ని రేడియోలో వినడమేంటి అనేవాళ్లకి ఒక సంగతి. విల్ట్ చాంబర్లిన్ ఒకే మ్యాచ్‌లో 100 పాయింట్లు కొట్టింది 1962 మార్చి 2న, పెన్సిల్వేనియాలో హెర్షీ అనే చిన్న ఊళ్లో. ఫిలడెల్ఫియా వారియర్స్ 169, న్యూయార్క్ నిక్స్ 147. హాల్లో ఉన్నది 4,124 మంది. టీవీ ప్రసారం లేదు, ఆట వీడియో లేదు. ప్రపంచానికి మిగిలింది నాలుగో క్వార్టర్ రేడియో కామెంటరీ ఒక్కటే, బిల్ క్యాంబెల్ గొంతులో. ఆ క్వార్టర్‌ని ఒక శ్రోత టేపు మీద రికార్డు చేసుకోబట్టి దక్కింది. తర్వాత అమెరికా లైబ్రరీ ఆఫ్ కాంగ్రెస్ దాన్ని దేశం దాచుకోవాల్సిన రికార్డింగుల్లో చేర్చింది. ఎన్‌బీఏలో ఇప్పటికీ ఎవరూ దాటని ఆ రికార్డు మనకి చెవుల ద్వారానే అందుతుంది. లేకర్స్ కామెంటేటర్ చిక్ హెర్న్ వరసగా 3,338 మ్యాచులకి ఒక్కటీ వదలకుండా మాట్లాడాడు. ఫీనిక్స్ సన్స్‌కి అల్ మెకాయ్ 1972 నుంచి 2023 దాకా. ఒక గొంతుతో తరాలు పెరిగాయన్నమాట.

ఇక డేటా లెక్క, మన దగ్గర అసలు ప్రశ్న ఇదే. 64 కేబీపీఎస్ (సెకనుకి 64 కిలోబిట్లు) ఆడియో గంటకి సుమారు 29 ఎంబీ తింటుంది, 128 అయితే 58 ఎంబీ దాకా. మ్యాచ్ రెండున్నర గంటలనుకోండి, మొదటిదానికి 70 చిల్లర, రెండోదానికి 145 ఎంబీ. అదే వీడియో మంచి క్వాలిటీలో పెడితే గంటకే ఒక జీబీ దాటిపోతుంది, రోజుకి 1.5 జీబీ ప్యాక్ ఉన్నవాడికి రెండో క్వార్టర్ చివర్లో ఖతం. ఆడియో అయితే పిల్లల ఆన్‌లైన్ క్లాసుకీ, హోటల్ క్యూఆర్ పేమెంట్లకీ డేటా మిగులుతుంది.

నెట్‌వర్క్ విషయంలో మన సరిహద్దు జిల్లాల బాధ వేరు. రాయగడ ఊళ్లో ఫర్వాలేదు. పార్వతీపురం రోడ్డెక్కితే కూనేరు అటూ ఇటూ ఫోన్ ఒకసారి ఒడిశా టవర్‌ని, ఒకసారి ఆంధ్రా టవర్‌ని పట్టుకుంటుంది, ఆ మారే క్షణంలో ఆడియో తెగిపోయి మళ్లీ కలుస్తుంది. కొరాపుట్ వైపు రైలెక్కితే సొరంగాలు, అక్కడ ఏ యాప్ కూడా ఏమీ చెయ్యలేదు. ఆడియోకి చాలా తక్కువ స్పీడు చాలు కాబట్టి వీడియో గిరగిరా తిరుగుతూ కూర్చున్న చోట కూడా ఆడియో నడుస్తుంది, ఘాట్ రోడ్డు మీద లారీ తోలే మా బావమరిదికి ఇదే ప్రాణం. ఆయన ఫోన్ స్టాండులో పెట్టి స్పీకర్‌లో వింటాడు, రెండు చెవులకీ ఇయర్‌ఫోన్ పెట్టుకుని బండి తోలొద్దని నేనే గట్టిగా చెప్పాను.

ఫోన్‌లో ఒక సెట్టింగ్ తప్పకుండా మార్చండి. ఆండ్రాయిడ్ ఫోన్లు బ్యాటరీ ఆదా పేరుతో, స్క్రీన్ ఆఫ్ అయిన కాసేపటికి యాప్‌ని నిద్రపుచ్చుతాయి. సెట్టింగ్స్‌లో ఆ యాప్ దగ్గర బ్యాటరీని అన్‌రిస్ట్రిక్టెడ్ చెయ్యండి. లేకపోతే పాయింట్ తేడాతో ఆట నడుస్తుండగా జేబులో ఫోన్ మూగబోతుంది, మన చేతులేమో పిండిలో ఉంటాయి.

ఆలస్యం గురించి కూడా తెలిసి ఉండాలి. ఆన్‌లైన్ ఆడియో ఏదైనా కోర్టు మీద జరిగిన దానికంటే వెనకే ఉంటుంది, అర నిమిషం అనుకోండి, ఒక్కోసారి అంతకంటే ఎక్కువ. ఈలోపు స్కోరు యాప్ నోటిఫికేషన్ ముందే వచ్చి పడుతుంది, టింగుమంటుంది, చూస్తే ఆట అయిపోయింది. చివరి షాట్ గాల్లో ఉండగా ఫలితం తెలిసిపోతే ఆ పొద్దున్నంతా మనసు బాగోదు. స్కోరు నోటిఫికేషన్లు ఆపెయ్యండి, వాట్సాప్ గ్రూపులో ఉన్నవాళ్లకి కూడా చెప్పండి, నాలుగో క్వార్టర్ అయ్యేదాకా నోరు మెదపొద్దని.

ఇప్పుడు ఉచిత దారులు. ట్యూన్‌ఇన్ లాంటి యాప్‌లో అమెరికా స్పోర్ట్స్ స్టేషన్లు బోలెడు కనపడతాయి, అవే ఆ టీముల మ్యాచులు ప్రసారం చేసే స్టేషన్లు. చాలామంది ఇక్కడే సంబరపడతారు. కానీ గాల్లో వచ్చే రేడియో హక్కు వేరు, ఇంటర్నెట్ హక్కు వేరు. చాలా స్టేషన్ల ఆన్‌లైన్ స్ట్రీములో సరిగ్గా ఆట మొదలయ్యే టైముకి మ్యాచ్ బదులు ఇంకేదో టాక్ షో వస్తుంది. అది మీ ఫోన్ లోపం కాదు, లీగ్ నిబంధన. ఆటకి ముందూ తర్వాతా జరిగే చర్చలు మాత్రం వినొచ్చు, అవి కూడా బాగుంటాయి, ఓడిన రాత్రి అభిమానులు ఫోన్ చేసి మొత్తుకునే కార్యక్రమాలు ముఖ్యంగా. సిరియస్‌ఎక్స్‌ఎమ్ అనే శాటిలైట్ రేడియో ప్రతి ఎన్‌బీఏ మ్యాచ్ వినిపిస్తుంది, కాకపోతే అది ఉత్తర అమెరికాలోని వాళ్లకి, మీ అన్నయ్య అక్కడుంటే ఆయన కార్లో వింటాడు, మనకి కాదు.

ఒక రేడియో యాప్ గురించి, పేరు రాయను. ఉచితం అని పెట్టి, ఆటలో టైమవుట్ వచ్చినప్పుడల్లా యాడ్ వేసి, యాడ్ అయ్యేసరికి ఆట మొదలైపోయి అర నిమిషం పోతుంది. ట్రయల్ అని కార్డు నంబర్ అడిగి, నెల తిరిగేసరికి డబ్బు లాగేసుకుంది. కస్టమర్ కేర్‌కి మెయిల్ పెడితే రెడీమేడ్ జవాబు. ఏ యాప్‌లోనైనా ట్రయల్ తీసుకున్న రోజే యూపీఐ ఆటోపే, కార్డు మ్యాండేట్ రెండూ చూసుకుని రద్దు చేసి పెట్టుకోండి, చాలావాటిలో మిగిలిన రోజులు పనిచేస్తూనే ఉంటుంది.

దొంగ లింకుల గురించి గట్టిగానే చెప్తాను. టెలిగ్రామ్‌లో వచ్చే ఫ్రీ స్ట్రీమ్ లింకులు నొక్కితే ముందు బెట్టింగ్ యాప్ దిగమంటుంది, తర్వాత ఇంకో పేజీ, ఇంకో పేజీ. మన ఊళ్లలో బెట్టింగ్‌కి పోయి అప్పులపాలైన కుర్రాళ్లు మన కళ్లముందే ఉన్నారు. ఆట మీద ప్రేమ ఉన్నవాడు ఆ గుమ్మం తొక్కకూడదు.

కాలేజీ బాస్కెట్‌బాల్ అయితే చాలా ఉదారంగా ఉంటుంది. వర్సిటీ నెట్‌వర్క్ అనే యాప్ ఉంది, లెర్‌ఫీల్డ్ కంపెనీది, 2021లో వచ్చింది, చాలా యూనివర్సిటీల సొంత రేడియో కామెంటరీ డబ్బు లేకుండా వినిపిస్తుంది. మార్చి వచ్చిందంటే 68 టీముల టోర్నమెంట్, మొత్తం 67 మ్యాచులు, ఓడితే ఇంటికే. దానికి వెస్ట్‌వుడ్ వన్ అనే అమెరికా రేడియో నెట్‌వర్క్ కామెంటరీ ఉంటుంది, ఆ టోర్నమెంట్ సొంత యాప్ మార్చ్ మ్యాడ్‌నెస్‌లో ఆడియోగా వస్తుంది. మనకి కలిసొచ్చే అసలు విషయం టైము. మొదటి రౌండు మ్యాచులు అక్కడ మధ్యాహ్నం మొదలవుతాయి, మనకి రాత్రి తొమ్మిదిన్నర పది మధ్య. హోటల్ కట్టేసి, రేపటి పప్పు రుబ్బుకుంటూ, గిన్నెలు కడుక్కుంటూ వినొచ్చు. పేరు వినని చిన్న కాలేజీ పెద్ద కాలేజీని కొట్టే రాత్రులవి. ఆ ఊరి రేడియో కామెంటేటర్‌కి బహుశా జీవితంలో అదే అతి పెద్ద మ్యాచ్, గొంతు బొంగురుపోయేదాకా అరుస్తాడు. ఎన్‌బీఏ వాళ్ల నిండుతనం అతనిలో ఉండదు, కానీ ఆ ఆనందం నిజమైనది. ఉచితమైనవాటిలో నా ఓటు దీనికే.

మన దేశం ఆటలకి రేడియో కామెంటరీ దొరకడం కష్టం. భారత జట్టు మ్యాచులు, నేషనల్స్ (జాతీయ పోటీలు) ఎక్కువగా యూట్యూబ్‌లో లైవ్ వీడియోగా వస్తాయి. ప్రీమియం లేకుండా స్క్రీన్ ఆఫ్ చేస్తే యూట్యూబ్ ఆగిపోతుంది, కాబట్టి క్వాలిటీని 144పీకి తగ్గించి, వెలుతురు తగ్గించి, ఫోన్‌ని గల్లాపెట్టె పక్కన పెట్టుకోవడమే. కామెంటరీ టీవీ తరహాలో ఉంటుంది, అసలు లేకుండా హాలు శబ్దం మాత్రమే వచ్చే రోజులూ ఉంటాయి. 2019 అక్టోబర్ 4న ముంబైలో కింగ్స్, పేసర్స్ ఆడినప్పుడు ఓవర్‌టైమ్ దాకా వెళ్లి పేసర్స్ 132–131తో గెలిచారు. మన గడ్డ మీద జరిగిన మొదటి ఎన్‌బీఏ ఆట అది. అలాంటి ఆటని తెలుగులోనో ఒడియాలోనో రేడియోలో విని ఉంటే ఎంతమంది పిల్లలు కోర్టుకి వచ్చేవాళ్లో అని ఇప్పటికీ అనిపిస్తుంది. జయపురం ఆకాశవాణి, విశాఖ ఆకాశవాణి విని పెరిగిన జిల్లాలు ఇవి. క్రికెట్ కామెంటరీ వింటూ ఫీల్డింగ్ మొత్తం కళ్లముందు పరుచుకున్న చెవులు మనవి, బాస్కెట్‌బాల్ కష్టమేమీ కాదు.

ఇంగ్లిష్ కామెంటరీ స్పీడు అందదని భయపడేవాళ్లకి ఒక పద్ధతి. మొదట్లో అన్నీ అర్థం చేసుకోవాలని చూడకండి. ఒకే టీముని పట్టుకోండి, కోర్టులోకి దిగే అయిదుగురి పేర్లు ముందే చూసుకోండి. పెయింట్ (రింగు ముందు రంగు వేసిన చోటు), వింగ్ (రెండు పక్కలు), కార్నర్ (మూల), బేస్‌లైన్ (రింగు వెనక గీత), టాప్ ఆఫ్ ద కీ (రింగుకి ఎదురుగా, ఫ్రీ త్రో గీతకి అవతల), ఈ అయిదు చోట్లు కోర్టులో ఎక్కడున్నాయో కాగితం మీద గీసుకుంటే సగం పని అయిపోయినట్టే. మా హోటల్లో పనిచేసే కుర్రాడు పదో తరగతితో ఆపేశాడు, ఇంగ్లిష్ అంతంతమాత్రం, అయినా గోడ మీద బొగ్గుతో గీసిన కోర్టు చూసుకుంటూ బంతి ఎక్కడుందో వేలితో చూపిస్తాడు ఇప్పుడు.

టైములు రాసి పెట్టుకోండి. అమెరికాలో గడియారం నవంబర్ మొదటి ఆదివారం ఒక గంట వెనక్కి, మార్చి రెండో ఆదివారం ఒక గంట ముందుకి జరుగుతుంది. అందుకని అక్కడ రాత్రి ఏడున్నర ఆట అక్టోబర్‌లో మనకి అయిదింటికి, నవంబర్ నుంచి ఆరింటికి, మార్చి సగం నుంచి మళ్లీ అయిదింటికి. పడమటి తీరం టీములైన లేకర్స్, వారియర్స్ సొంతగడ్డ మీద ఆడితే చలికాలంలో ఎనిమిదిన్నర, తొమ్మిది. అది ఆఫీసులకి పోయేవాళ్లకి కుదరదు, మా లాంటి హోటల్ వాళ్లకి మాత్రం రష్ తగ్గే టైము. జూన్‌లో ఫైనల్స్ ఎక్కువగా ఆరింటికి మొదలవుతాయి, ఆదివారం ఆటైతే అయిదున్నరకే. ఇంకో సంగతి, అక్కడి ఆదివారం రాత్రి ఆట మనకి సోమవారం పొద్దున్న, యాప్‌లో తేదీ చూసేటప్పుడు ఇది గుర్తుంచుకోండి.